వైకింగ్ ఎగ్గెలింగ్ తీసిన ఏడు నిమిషాలు

నల్లటి తెర మీద ఐమూలగా ఒక తెల్లటి ఆకారం తేలుతుంది. దువ్వెన పళ్లలా పక్కపక్కన నిలబడ్డ సన్నటి గీతలు, వాటిని ఆనుకుని ఒక వంపు. కాసేపటికి ఒక్కో గీతా మాయమవుతుంది, వంపు కొస నుంచి కరుగుతూ వస్తుంది, నలుపు మాత్రం మిగులుతుంది. మళ్లీ ఆ ఆకారమే రెండో ఐమూల మీద, అద్దంలో చూసినట్టు తిరగబడి, ఇంకొన్ని గీతలు చేర్చుకుని వస్తుంది. మనుషులు ఉండరు, కథ ఉండదు, మాట ఉండదు, శబ్దం ఉండదు. దాదాపు ఏడు నిమిషాలపాటు జరిగేది ఇంతే. 1924లో బెర్లిన్‌లో పూర్తయిన ఈ సినిమా పేరు ‘డయాగొనల్ సింఫనీ’. తీసినవాడు స్వీడన్‌కు చెందిన చిత్రకారుడు వైకింగ్ ఎగ్గెలింగ్. ఆయన పూర్తి చేసిన సినిమా ఇదొక్కటే.

స్వీడిష్ సినిమా అంటే షోస్ట్రోమ్, స్టిల్లర్, బెర్గ్‌మన్ అని దర్శకుల పేర్లు చెప్పుకుంటూ పోవడం అలవాటు. ఎగ్గెలింగ్ పేరు ఆ వరసలో అరుదుగా వస్తుంది. ఇరవై నిండకుండానే దేశం విడిచాడు, సినిమా జర్మనీలో తీశాడు, అది జనం ముందుకు వచ్చిన పదహారు రోజులకే చనిపోయాడు. ఇటు స్వీడన్ చరిత్రకారులకూ, అటు జర్మన్ చరిత్రకారులకూ పూర్తిగా తమవాడు కాకుండా పోయాడు. అయినా స్కాండినేవియా వాళ్లు తీసిన ప్రయోగాత్మక సినిమాల చరిత్రను ఈ ఏడు నిమిషాల నుంచి మొదలుపెట్టడమే న్యాయం. ఎందుకంటే తెర మీద కదలిక అంటే ఏమిటి అన్న ప్రశ్నకు ఆయన చెప్పిన జవాబు ఆ రోజుల్లో ఇంకెవరూ చెప్పనిది. వస్తువు ఇక్కడి నుంచి అక్కడికి పోవడం కాదు, ఉన్నచోటే పుట్టి, పెరిగి, తరిగిపోవడమే ఆయన లెక్కలో కదలిక.

ఎగ్గెలింగ్ 1880 అక్టోబర్ 21న లుండ్‌లో పుట్టాడు. జర్మనీ నుంచి వచ్చి స్థిరపడిన తండ్రికి అక్కడ సంగీత సామగ్రి అమ్మే కొట్టు ఉండేది. చిన్నతనంలోనే తల్లిదండ్రులు పోయారు. జర్మనీలో జమాఖర్చుల పని నేర్చుకున్నాడు, మిలాన్‌లో ఆ పని మీదే బతుకుతూ చిత్రకళ చదివాడు, స్విట్జర్లాండ్‌లోని జూవొజ్‌లో ఒక బడిలో బొమ్మలు గీయడం నేర్పాడు. 1911 నుంచి పారిస్. మొదటి ప్రపంచ యుద్ధం వచ్చాక మళ్లీ స్విట్జర్లాండ్. 1918లో జ్యూరిక్‌లో కవి ట్రిస్టన్ జారా ఆయన్ని హాన్స్ రిక్టర్‌కు పరిచయం చేశాడు. రిక్టర్ కూడా చిత్రకారుడే, ఇద్దరినీ పీడిస్తున్న ప్రశ్న కూడా ఒకటే. సంగీతానికి స్వరాల నియమాలు ఉన్నాయి, ఒక స్వరం మీద ఇంకో స్వరాన్ని ఎలా నిలపాలో చెప్పే శాస్త్రం ఉంది. గీతలకు, ఆకారాలకు అలాంటి వ్యాకరణం ఎందుకు లేదు? చిత్రకళకు ఈ లోటు ఉందని అంతకు వందేళ్ల ముందే జర్మన్ కవి గోథే అన్నాడు. ఆ మాట పట్టుకుని పనిలోకి దిగినవాళ్లలో ఎగ్గెలింగ్ అంత పట్టుదల ఉన్నవాళ్లు తక్కువ.

ఆయన కట్టిన వ్యాకరణం చూడటానికి సులువుగానే ఉంటుంది. ఏ ఆకారాన్నయినా దాని వ్యతిరేకంతో ఒకసారి, దాని పోలికతో ఒకసారి పక్కన పెట్టి చూడాలి. నిలువుకు అడ్డం, సూటి గీతకు వంపు, మందానికి సన్నం, ఒంటరి గీతకు గీతల గుంపు, పైకి ఎక్కేదానికి కిందికి దిగేది. ఇవి వ్యతిరేకాలు. ఆ వ్యతిరేకాల మధ్య ఏదో ఒకటి ఉమ్మడిగా మిగలాలి: వంపు వంగిన తీరో, గీతల మధ్య ఎడమో, ఐమూల వాలో. ఆ ఉమ్మడి అంశమే పోలిక. వ్యతిరేకం ఒక్కటే ఉంటే బొమ్మ ముక్కలవుతుంది. పోలిక ఒక్కటే ఉంటే అల్లికల పుస్తకంలోని డిజైన్ అయిపోతుంది. రెండూ కలిసి నడిస్తేనే చూసేవాడికి ఒక ఆకారం నుంచి ఇంకో ఆకారం పుట్టినట్టు అనిపిస్తుంది.

పుట్టడం అనేది కాలంలో జరిగే పని, కాన్వాసు మీద కాలం ఉండదు. చిక్కంతా అక్కడే వచ్చింది. 1919లో ఇద్దరూ జర్మనీలోని క్లైన్ కోల్జిగ్‌లో రిక్టర్ తల్లిదండ్రుల ఇంటికి చేరి, పొడవాటి కాగితపు చుట్టల మీద బొమ్మలు గీయడం మొదలుపెట్టారు. చుట్టను ఒక చివర నుంచి విప్పుకుంటూ పోతే ఒక ఆకారం దశలవారీగా మారుతూ కనిపిస్తుంది. ఎగ్గెలింగ్ ‘హారిజాంటల్ వెర్టికల్ ఆర్కెస్ట్రా’ చుట్టలు, ఆ తర్వాతి డయాగొనల్ చుట్టలు ఇలా పుట్టినవే. వీటిని సినిమాకు వేసుకున్న స్టోరీబోర్డులు అనుకోవడం పొరపాటు. అవి సంగీతకారుడు రాసుకునే స్వరపత్రాల వంటివి. ఏ దశలో ఏ గీత ఉండాలో చెబుతాయి, ఆ దశ ఎన్ని క్షణాలు నిలవాలో చెప్పవు. చుట్ట నుంచి ఫిల్ముకు వచ్చేసరికి అసలు ఇబ్బంది ఈ ఖాళీలోనే బయటపడింది.

జర్మనీలో అతిపెద్ద సినిమా సంస్థ ఊఫా తన యానిమేషన్ సామగ్రిని, ఒక సాంకేతిక నిపుణుణ్ణి వీళ్లకు వాడుకోనిచ్చింది. చిత్రకారులు బొమ్మలిస్తే నిపుణుడు కదిలిస్తాడన్నది లెక్క. అది పారలేదు. చుట్ట మీద పక్కపక్కన ఉన్న రెండు దశల మధ్య ఎంత దూరం ఉందో కొలిచి చూస్తే కారణం తెలుస్తుంది. కాగితం మీద కంటికి ఆ రెండూ చాలు, మధ్యలోది మనసు పూరించుకుంటుంది. తెర మీద రెండు సెకన్ల మార్పు కావాలంటే, సెకనుకు 18 ఫ్రేముల వేగంతో, మధ్యలో 36 ఫ్రేములు ఉండాలి. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు తీసినా 18 బొమ్మలు కావాలి. ఆ 18లో ప్రతిదానిలోనూ పది పన్నెండు గీతల పొడవులు విడివిడిగా మారుతుంటాయి. మధ్య దశలను ఇంకొకరు ఊహించి గీస్తే గీతల లయ వాళ్లదవుతుంది, ఎగ్గెలింగ్‌ది కాదు. ‘హారిజాంటల్ వెర్టికల్ ఆర్కెస్ట్రా’ను సినిమాగా మలిచే ప్రయత్నం అలాగే ఆగిపోయింది. రిక్టర్ తన దారి మార్చుకుని, కాగితపు చతురస్రాలను పెద్దవి చిన్నవి చేస్తూ తెర చట్రాన్నే ఆకారంగా వాడుకున్నాడు. అది తెలివైన సర్దుబాటు. ఎగ్గెలింగ్ తన గీతల్లో ఒక్కటీ వదులుకోలేదు. ఇద్దరి దారులూ అక్కడ విడిపోయాయి.

ఈ సినిమా పూర్తయిందంటే ఎర్నా నీమేయర్ వల్లే. వైమార్‌లోని బౌహౌస్ అనే కళా, డిజైన్ పాఠశాలలో చదువుకున్న ఆమెకు 1923లో ఇరవై రెండేళ్లు. ఆ ఏడాది నుంచి 1924 దాకా యానిమేషన్ పనిని చేత్తో నడిపించింది ఆమే. తర్వాత రే సూపో అనే పేరుతో ఫొటోగ్రాఫర్‌గా ప్రసిద్ధికెక్కిన మనిషి. చాలా పరిచయాల్లో ఆమె పేరు ఒక్క ముక్కలో తేలిపోతుంది, కొన్నింట్లో అసలు ఉండదు. చుట్ట మీది గీత ఎన్ని ఫ్రేముల్లో పెరగాలన్నది బల్ల ముందు, కెమెరా కింద తేలే విషయమని తెలిసినవాళ్లకు ఈ మౌనం ఎంత అన్యాయమో అర్థమవుతుంది.

వాళ్లు వాడింది గీసిన బొమ్మలను కాదు, పల్చటి లోహపు రేకు నుంచి కత్తిరించిన ఆకారాలను. ఈ ఎంపికలోనే సినిమా రూపం సగం ఉంది. కెమెరాను నిటారుగా కిందికి చూసేలా బిగిస్తారు. దాని కింద బల్ల మీద నల్లటి నేపథ్యం, దాని మీద రేకు ముక్కలు, రెండు పక్కల నుంచి సమానంగా పడే దీపాల వెలుగు. చేతి పిడిని ఒక్క చుట్టు తిప్పితే ఒక్క ఫ్రేము పడేలా కెమెరాను అమర్చి, ఫ్రేము ఫ్రేముకూ రేకును మారుస్తారు. గీత పెరగాలంటే రెండు మార్గాలు. గీత మీద నల్ల కాగితం కప్పి మిల్లీమీటరు, రెండు మిల్లీమీటర్ల చొప్పున జరుపుతూ తీయవచ్చు. లేదంటే పూర్తి ఆకారంతో మొదలుపెట్టి, ఒక్కో ఫ్రేముకు కొస కత్తిరించుకుంటూ వెళ్లి, ఫిల్మును వెనక్కి నడిపి తీయవచ్చు. అప్పుడు తరగడం పెరగడంగా కనిపిస్తుంది. రెండో మార్గంలో అంచు మరింత శుభ్రంగా వస్తుంది, కానీ కత్తిరించినది మళ్లీ అతకదు. మధ్యలో తప్పు జరిగితే కొత్త రేకుతో మొదటి నుంచి రావాల్సిందే.

రేకుకు ఇంకో గుణం ఉంది. బోర్లిస్తే అచ్చంగా అద్దపు ప్రతిబింబం దొరుకుతుంది. కాగితం మీద గీసిన బొమ్మకైతే రెండోది గీయాలి, ఎంత జాగ్రత్తగా గీసినా వెంట్రుకవాసి తేడా వస్తుంది. ఈ సినిమాలో ఒక ఐమూల నుంచి ఇంకో ఐమూలకు తిరగబడే ఆకారాలు అంత ఖచ్చితంగా ఉండటం చూస్తే, వ్యతిరేకం, పోలిక అన్న సిద్ధాంతానికి ఈ పల్చటి లోహం ఎంత బాగా ఒదిగిందో తెలుస్తుంది. తిరగబడ్డ ఆకారం దిశలో వ్యతిరేకం, మిగతా అన్నింటిలో పోలిక.

ఈ పద్ధతిలో చెడిపోయేవి చాలా ఉన్నాయి, నేటికీ ఇంట్లో ప్రయత్నించేవాళ్లు వీటి దగ్గరే ఆగిపోతుంటారు. రేకు మీద చిన్న ముడత పడినా దీపపు వెలుగు ఆ ఒక్కచోట మెరిసి, ఆ ఫ్రేములో తెల్లటి చుక్కగా పేలుతుంది. అందుకే దీపాలను నెత్తి మీద పెట్టకుండా సుమారు 45 డిగ్రీల వాలులో రెండు వైపులా పెడతారు. కొస ఏమాత్రం లేచినా దాని నీడ నల్లటి నేపథ్యం మీద బూడిదరంగు అంచుగా కనిపిస్తుంది. మామూలు నల్ల కాగితం బలమైన వెలుగులో నల్లగా ఉండదు, బూడిదరంగుకు తిరుగుతుంది. మఖమల్ వెలుగును మింగేస్తుంది కాబట్టి అది మేలు, కానీ దాని మీద దుమ్ము కణం పడితే తెల్ల నక్షత్రంలా తెర మీద వెలుగుతుంది. కరెంటు ఒత్తిడి తగ్గి పెరిగితే దీపం మసకబారి, సినిమా అంతా రెపరెపలాడుతుంది. పిడిని తిప్పే చెయ్యి ఒకసారి నెమ్మదిగా, ఒకసారి త్వరగా తిరిగినా ఇదే ఫలితం, ఎందుకంటే ఒక్కో ఫ్రేము మీద వెలుగు పడే సమయం మారిపోతుంది.

వీటన్నింటికంటే మొండి సమస్య ఫిల్ములోనే ఉంది. నలుపు మీద తెలుపును తీస్తున్నప్పుడు వెలుగు ఎక్కువైతే, ఫిల్ము పూత లోపల అది పక్కలకు పాకుతుంది. సన్నటి గీత లావెక్కుతుంది, దువ్వెన పళ్ల మధ్య సందులు పూడిపోతాయి. వెలుగు తగ్గిస్తే గీతలు బూడిదరంగుకు వాలి, నలుపుతో ఉన్న పోరు చచ్చిపోతుంది. ఎగ్గెలింగ్ గీతల మధ్య ఎడం అంత సన్నగా ఉండి కూడా విడివిడిగా కనిపిస్తుందంటే, వెలుగును ఎంత నిక్కచ్చిగా కొలిచారో ఊహించవచ్చు.

పని ఎంతో లెక్క వేసుకుందాం. సెకనుకు 18 చొప్పున ఏడు నిమిషాలంటే 7,560 ఫ్రేములు. 35 మిల్లీమీటర్ల ఫిల్ము అడుగుకు 16 ఫ్రేములు కాబట్టి దాదాపు 472 అడుగులు, అంటే 144 మీటర్లు. రెండేసి ఫ్రేముల చొప్పున తీసినా 3,780 సార్లు రేకు మీద చెయ్యి పెట్టాలి. ఒక్కో మార్పుకు మూడు నిమిషాలు పట్టిందనుకున్నా 189 గంటలు. ఇది ఒక్క తప్పూ జరగకపోతే. చెడిపోయిన వాటిని, పరీక్షగా తీసిన వాటిని కలిపితే నెలలు ఎలా గడిచిపోతాయో వేరే చెప్పనక్కర్లేదు.

సినిమాలోకి వెళదాం. ఎగ్గెలింగ్ తెరను నింపడు. ఏ క్షణంలో చూసినా నలుపుదే పైచేయి. ఆకారాలు ఒకటి తర్వాత ఒకటిగా వస్తాయి, కలిసి రావడం తక్కువ. మొదటి ఆకారం ఇంకా జ్ఞాపకంలో ఉండగానే రెండోది వచ్చి దానికి జవాబు చెబుతుంది. సంగీతంలో రెండు గొంతులు ఏకకాలంలో నడిచే పనిని ఇక్కడ ఒకటి తెర మీద, ఒకటి చూసేవాడి జ్ఞాపకంలో చేస్తాయి. అందుకే మధ్యలో వచ్చే ఖాళీ నలుపు కూడా సంగీతంలోని విరామంలా లెక్కలో భాగమే. దాన్ని కత్తిరిస్తే ప్రశ్నకూ జవాబుకూ మధ్య ఊపిరి పోతుంది.

ఆకారం తరిగే తీరు కూడా గమనించదగ్గది. అది మొత్తంగా మసకబారి పోదు. ఏ వరసలో పుట్టిందో, చాలాసార్లు దానికి వేరే వరసలో పోతుంది. ముందు వచ్చిన వంపు చివరిదాకా నిలిచి, తర్వాత వచ్చిన గీతలు ముందుగా రాలిపోవచ్చు. ఇంకోసారి వంపు ముందు కరిగి, గీతలు ఒంటరిగా మిగలవచ్చు. ముగ్గు వేస్తున్న చేతిని చూసినప్పుడు పూర్తయిన ముగ్గు కంటే ఏ గీత ముందు పడిందో ఎక్కువ గుర్తుంటుంది కదా, అలాంటి శ్రద్ధను ఈ సినిమా కోరుతుంది. కొన్నిచోట్ల ఆకారం మొత్తం చిన్నదై పెద్దదై, దూరంగా వెళ్లి దగ్గరకు వచ్చిన భ్రమ కలుగుతుంది. అవి చాలా తక్కువ, మిగతా చోట్ల లోతు అనే ఊసే లేదు. ఫ్రెంచ్ తత్వవేత్త బెర్గ్సన్‌ను శ్రద్ధగా చదివిన ఎగ్గెలింగ్‌కు కాలం అంటే వరసగా పేర్చిన క్షణాలు కాదు, ఎడతెగని మార్పు. ఫిల్ము మాత్రం వరసగా పేర్చిన క్షణాలే. ఈ రెండింటి మధ్య ఉన్న పేచీని సన్నటి గీతల పెరుగుదలతో తీర్చాలని చూశాడు. నిజం చెప్పాలంటే కొన్నిచోట్ల అది తీరలేదు. గీత పెరుగుతున్నప్పుడు చిన్న చిన్న గెంతులు కనిపిస్తాయి. వాటిని లోపాలుగా దాచాల్సిన పని లేదు, చేతిపని ఎక్కడ ఎంత కష్టపడిందో అవే చూపిస్తాయి.

మొట్టమొదటి నైరూప్య (గుర్తుపట్టే మనుషులు, వస్తువులు లేని) సినిమా ఇదేనా అన్న వాదన తరచుగా వస్తుంది. కాదు. జర్మన్ చిత్రకారుడు వాల్టర్ రుట్‌మన్ ‘లిష్ట్‌స్పీల్ ఓపస్ 1’ను 1921 ఏప్రిల్ 27న బెర్లిన్‌లో, రంగులు అద్ది, ప్రత్యేకంగా రాయించిన సంగీతంతో జనానికి చూపించాడు. రిక్టర్ తన ‘రిథ్మస్ 21’ను ఆ ఏడాదిదే అన్నాడు, ఆ తేదీ మీద చరిత్రకారులకు అనుమానాలున్నాయి. ఎవరు ముందన్న పందెంలో ఎగ్గెలింగ్‌ను నిలబెడితే ఆయన ఓడిపోతాడు, ఆయన చేసిన పని కూడా కనబడకుండా పోతుంది. రుట్‌మన్ ఆకారాలు ఈదుతాయి, పొడుచుకుంటాయి, ఒకదాన్ని ఒకటి తరుముతాయి. వాటిలో ప్రాణులను చూడకుండా ఉండటం కష్టం. రిక్టర్ చతురస్రాలు మీదికి వచ్చి వెనక్కి పోతాయి. ఎగ్గెలింగ్ గీతలు ఏ ప్రాణినీ గుర్తుచేయవు, ఎవరి మీదికీ రావు. ఒక గీత ఇంకో గీతతో పెట్టుకునే సంబంధం తప్ప అందులో ఇంకేమీ లేదు. ముగ్గురిలో అందరికంటే కఠినమైన దారి ఆయనదే, అందుకే తేలిగ్గా నచ్చే సినిమా కూడా కాదు.

1925 మే 3న బెర్లిన్‌లోని ఊఫా థియేటర్‌లో, నవంబర్ గ్రూప్ కళాకారుల సంఘం ఊఫా సంస్థ సాంస్కృతిక విభాగంతో కలిసి ‘డెర్ అబ్సొల్యూట్ ఫిల్మ్’ పేరుతో ఉదయం ఆట వేసింది. హిర్ష్‌ఫెల్డ్ మాక్ రంగు వెలుగుల ఆటలు, రిక్టర్, రుట్‌మన్ చిత్రాలు, పారిస్ నుంచి లెజె, మర్ఫీల ‘బాలే మెకానిక్’, రెనే క్లేర్ ‘ఆంత్రాక్ట్’ అన్నీ ఒకే కార్యక్రమంలో ఉన్నాయి. ‘డయాగొనల్ సింఫనీ’ని జనం చూసింది అప్పుడే. ఎగ్గెలింగ్ అప్పటికే తీవ్రంగా జబ్బుపడి ఉన్నాడు. మే 19న, 44 ఏళ్ల వయసులో కన్నుమూశాడు. తర్వాత చాలా ఏళ్లు ఆయన గురించి ప్రపంచానికి తెలిసిందంతా ఎక్కువగా రిక్టర్ జ్ఞాపకాల ద్వారానే. 1971లో స్వీడిష్ పరిశోధకురాలు లూయిస్ ఓకొనర్ పత్రాలు వెతికి, చుట్టలను పోల్చి చూసి సమగ్ర గ్రంథం ప్రచురించాక కానీ ఆయన జీవితం, పని ఒక క్రమంలోకి రాలేదు.

ఇప్పుడు చూడాలనుకునేవాళ్లకు సినిమా ఇంటర్నెట్‌లో సులువుగానే దొరుకుతుంది, కానీ దొరికిన ప్రతి వీడియో ఆ సినిమా కాదు. పియానో, ఎలక్ట్రానిక్ సంగీతం చేర్చినవి చాలా ఉన్నాయి. శబ్దం ఆపేసి చూడాలి. సంగీతం తాళం వేస్తుంటే కన్ను గీతల లయను వదిలేసి తాళం వెంట పోతుంది, ఎగ్గెలింగ్ ఏళ్ల తరబడి కష్టపడి కట్టింది ఆ గీతల లయనే. మొదట్లో ఇంగ్లిష్ పరిచయ వాక్యాలు కనిపిస్తే అవి తర్వాతి కాలంలో అమెరికాలో తిరిగిన ప్రతిలో చేర్చినవని గుర్తుపెట్టుకుంటే చాలు. చట్రం నాలుగుకు మూడు నిష్పత్తిలో ఉండాలి. వెడల్పు తెరకు సరిపెట్టడానికి పైనా కిందా కోసిన వీడియోలో ఐమూలల కొసలు తెగిపోతాయి, సాగదీసిన దానిలో వాలు కోణమే మారిపోతుంది. వేగం కూడా చూసుకోవాలి. సెకనుకు 16 లేదా 18 ఫ్రేములకు తీసినదాన్ని 24కు నడిపితే ఏడు నిమిషాలది ఐదుంపావు నిమిషాలకు, అంతకంటే తక్కువకు కుదించుకుపోతుంది. పెరగాల్సిన గీత అప్పుడు గభాల్న పొడుచుకొస్తుంది. వీడియో ప్లేయర్‌లో వేగం 0.75కు తగ్గించే వీలుంటే అలాంటి ప్రతికి అది పనికొస్తుంది.

గది చీకటిగా ఉండాలి, తెర వెలుగు కొంచెం తగ్గించాలి, లేకపోతే నలుపు బూడిదరంగుగా తేలుతుంది. మొదటిసారి ఏమీ వెతకకుండా చూడవచ్చు. రెండోసారి ఒక్క దువ్వెన ఆకారాన్ని ఎంచుకుని, అది తిరిగి వచ్చిన ప్రతిసారీ ఏ ఐమూల మీద వచ్చింది, ఎన్ని పళ్లతో వచ్చింది, ముందు ఏది రాలింది అని కాగితం మీద రాసుకుంటూ పోతే, మూడు నాలుగు నిమిషాల కల్లా తర్వాత ఏ వైపు నుంచి గీత మొదలవుతుందో కన్ను ముందే కనిపెట్టడం మొదలుపెడుతుంది.